బిల్లు ఆగిపోయింది, కాంట్రాక్టులో ఆర్బిట్రేషన్ ఉంది: కోర్టు నుంచి ఇంటరిమ్ ఆర్డర్ ఎలా తెచ్చుకోవాలి

“పని అప్పజెప్పి ఏడాదైంది. ఫైనల్ బిల్లు ఇవ్వట్లేదు. ఆర్బిట్రేషన్‌కు వెళ్తే ఎప్పటికి తేలుతుందో తెలియదు. ఈలోపు కోర్టుకెళ్లి వాళ్ల బ్యాంకు ఖాతా ఫ్రీజ్ చేయించొచ్చా?” సబ్ కాంట్రాక్టర్లు, మెటీరియల్ సప్లయర్లు, చిన్న సాఫ్ట్‌వేర్ కంపెనీల వాళ్లు మాటలు మార్చి అడిగేదంతా ఈ ఒక్క ప్రశ్నే.

చేయించొచ్చు. 1996 నాటి ఆర్బిట్రేషన్ అండ్ కన్సిలియేషన్ చట్టంలోని సెక్షన్ 9 ఉన్నది ఇందుకే. ఆర్బిట్రేషన్ అంటే కోర్టు బదులు ఆర్బిట్రేటర్ అనే మధ్యవర్తి వివాదాన్ని తేల్చడం, ఆయన ఇచ్చే తీర్పే అవార్డు. ఆర్బిట్రేషన్ మొదలవకముందు, జరుగుతుండగా, అవార్డు వచ్చి అది అమలయ్యేలోపు ఎప్పుడైనా కోర్టును ఇంటరిమ్ రిలీఫ్ (తాత్కాలిక రక్షణ) అడగవచ్చు. అయితే మీకు డబ్బు రావాలన్న ఒక్క కారణంతో కోర్టు ఎవరి ఖాతానూ ఆపదు. రేపు మీరు గెలిచేసరికి వసూలు చేసుకోవడానికి ఏమీ మిగలకుండా పోతోందని చూపించగలగాలి. పిటిషన్లు ఎక్కువగా పోయేది ఇక్కడే. బాకీ గురించి నలభై పేజీలు రాస్తారు, ఆస్తి చేతులు మారుతోందన్న దానికి నాలుగు లైన్లు రాస్తారు.

చెప్పేది తేలిగ్గా అర్థం కావడానికి ఒక ఊహా ఉదాహరణ పెట్టుకుందాం. మీకు చర్లపల్లిలో ఫ్యాబ్రికేషన్ యూనిట్ ఉంది. ఒక బిల్డర్ కంపెనీకి స్ట్రక్చరల్ స్టీల్ పని చేశారు. ఫైనల్ బిల్లు 84 లక్షలు, రిటెన్షన్ మనీ (బిల్లుల్లోంచి హామీగా ఆపి ఉంచుకున్న డబ్బు) 11 లక్షలు రావాలి. వర్క్ ఆర్డర్ వెనక పేజీలో ఆర్బిట్రేషన్ క్లాజ్ ఉంది.

ముందు దగ్గర పెట్టుకోవాల్సినవి

- సంతకాలున్న కాంట్రాక్టు లేదా వర్క్ ఆర్డర్, దాని సవరణలు, ఆర్బిట్రేషన్ క్లాజ్ ఉన్న జనరల్ కండిషన్స్ పుస్తకం
- ఆర్‌ఏ (పని నడుస్తుండగా పెట్టే రన్నింగ్) బిల్లులు, మెజర్‌మెంట్ షీట్లు, డెలివరీ చలాన్లు, ఈ-వే బిల్లులు, పని పూర్తయినట్టు ఇచ్చిన సర్టిఫికెట్
- రెండు వైపుల లెడ్జర్, బ్యాలెన్స్ కన్ఫర్మేషన్ ఉంటే అది
- ఈమెయిళ్లు, వాట్సాప్ చాట్ల పూర్తి ఎక్స్‌పోర్ట్ (స్క్రీన్‌షాట్లు ఒక్కటే సరిపోవు)
- మీ ఫారం 26ఏఎస్ (మీ పాన్‌లో జమైన టీడీఎస్ లెక్క), మీ జీఎస్టీఆర్-1 (అమ్మకాల జీఎస్టీ రిటర్ను)
- మీకు గతంలో డబ్బు పడిన రోజుల బ్యాంక్ స్టేట్‌మెంట్
- మీది కంపెనీ అయితే సంతకం చేసే వ్యక్తికి అధికారమిస్తూ బోర్డు తీర్మానం, భాగస్వామ్య సంస్థ అయితే ఆథరైజేషన్ లెటర్

చివరిది చిన్న కాగితమే, కానీ అది లేక పిటిషన్ వెనక్కొచ్చిన సందర్భాలు చాలా ఉంటాయి.

1. క్లాజ్‌ను పెన్ను పట్టుకుని చదవండి

మూడు విషయాలు వెతకండి. ఒకటి, సీటు, అంటే ఆర్బిట్రేషన్‌కు చట్టపరంగా స్థావరమని రాసుకున్న ఊరు. “ఆర్బిట్రేషన్ సీటు ముంబయి” అని ఉంటే మీ యూనిట్ చర్లపల్లిలో ఉన్నా, పని శంషాబాద్‌లో జరిగినా పిటిషన్ ముంబయి కోర్టులోనే వేయాలి. సీటు ఉన్న చోటి కోర్టుకే అధికారమని సుప్రీంకోర్టు 2017లో ఇండస్ మొబైల్ కేసులో, 2019లో బీజీఎస్ ఎస్‌జీఎస్ సోమా కేసులో తేల్చేసింది. “సీటు” అని రాయకుండా “వెన్యూ” (విచారణ జరిగే చోటు) అని మాత్రమే ఉన్నా, వేరే సూచనలేవీ లేకపోతే దాన్నే సీటుగా తీసుకుంటారు. హైదరాబాద్‌లో వేసి, నోటీసులు వెళ్లి, అవతలివాళ్లు అధికార పరిధి లేదని కౌంటర్ వేసి, పిటిషన్ వాపసు తీసుకునేలోపు రెండు మూడు నెలలు పోతాయి. ఖాతా ఖాళీ చేసుకోవడానికి వాళ్లకు ఆ టైం చాలు.

రెండు, ఆర్బిట్రేటర్‌ను ఎవరు నియమిస్తారు. “కంపెనీ ఎండీ నియమించిన వ్యక్తే” అని ఉంటే కంగారుపడకండి. వివాదంలో సొంత ప్రయోజనం ఉన్నవాళ్లు ఏకపక్షంగా ఏకైక ఆర్బిట్రేటర్‌ను నియమించడం చెల్లదని 2019లో పెర్కిన్స్ ఈస్ట్‌మన్ కేసు చెప్పింది. సెక్షన్ 9కి అది అడ్డం కాదు.

మూడు, “ముందు చర్చలు, తర్వాత కన్సిలియేషన్, ఆ తర్వాతే ఆర్బిట్రేషన్” లాంటి మెట్లు. అర్జెంటు రిలీఫ్ అడగడానికి ఇవి మామూలుగా అడ్డు రావు. అయినా ఒక మెయిల్ పంపి చర్చలకు పిలిచినట్టు రికార్డు పెట్టుకోండి.

స్టాంపు సంగతి కూడా ఇప్పుడే చూసుకోండి. స్టాంపు లేని అగ్రిమెంటు చెల్లకుండా పోదని, అది సరిదిద్దుకోగల లోపమేనని 2023 డిసెంబరు 13న ఏడుగురు జడ్జీల ధర్మాసనం చెప్పింది. అంతకు ముందు ఏప్రిల్‌లో వచ్చిన ఎన్‌ఎన్ గ్లోబల్ తీర్పు పట్టుకుని ఇప్పటికీ భయపెట్టేవాళ్లున్నారు, వదిలేయండి. కానీ స్టాంపు తక్కువైతే కట్టేసుకుని వెళ్లడమే సుఖం.

2. మీకు ఈ దారి సరిపోతుందా, చూసుకోండి

ఈ కింది వాటిలో ఏదైనా మీకు వర్తిస్తే ఇక్కడే ఆగి ఆలోచించండి.

- ట్రిబ్యునల్ (మీ వివాదం వినే ఆర్బిట్రేటర్ లేదా ఆర్బిట్రేటర్లు) ఇప్పటికే ఏర్పడిందా? అయితే సెక్షన్ 17 కింద ఆర్బిట్రేటర్‌నే అడగాలి. 2015 సవరణ తర్వాత ఆర్బిట్రేటర్ ఆర్డర్ కూడా కోర్టు ఆర్డర్ లాగే అమలవుతుంది. అక్కడి రిలీఫ్ పనికిరాని పరిస్థితి ఉంటే తప్ప కోర్టు ముట్టుకోదు.
- అవతలి కంపెనీపై ఎన్‌సీఎల్‌టీ (కంపెనీ కేసుల ట్రిబ్యునల్) దివాలా కేసు అడ్మిట్ చేసిందా? మారటోరియం (కంపెనీపై కేసులు ఆగిపోయే కాలం) మొదలైతే సెక్షన్ 9 పిటిషన్ ముందుకు కదలదు. మీ క్లెయిమ్‌ను గడువులోగా, దివాలా ప్రక్రియ నడిపే రిజల్యూషన్ ప్రొఫెషనల్‌కు పంపండి. అన్నట్టు, దివాలా చట్టమైన ఐబీసీలో కూడా ఒక సెక్షన్ 9 ఉంది. అది కంపెనీని దివాలాకు లాగే దారి, కోటి రూపాయల బాకీ ఉండాలి, ముందు నుంచీ వివాదం నడుస్తుంటే అది నిలవదు. లాయర్‌తో ఫోన్లో “సెక్షన్ 9” అన్నప్పుడు ఏ చట్టమో చెప్పండి.
- మీకు ఉద్యమ్ రిజిస్ట్రేషన్ ఉందా? సరుకు, సర్వీసు ఇచ్చిన సూక్ష్మ, చిన్న సంస్థలకు ఎంఎస్‌ఎంఈ ఫెసిలిటేషన్ కౌన్సిల్ దారి కూడా ఉంది. 45 రోజులు దాటిన బాకీకి ఆర్‌బీఐ బ్యాంక్ రేటుకు మూడింతలు, నెలనెలా చక్రవడ్డీ పడుతుంది. వడ్డీ కోణంలో చూస్తే దానికి సాటి లేదు. రెండు దారుల్లో ఏది ముందు అన్నది లాయర్‌తో కూర్చుని తేల్చుకోండి.
- అవతలి పార్టీ ప్రభుత్వ శాఖా? ప్రభుత్వం ఆస్తులమ్మి పారిపోతుందని ఏ జడ్జినీ నమ్మించలేరు. పైగా చాలా ప్రభుత్వ వర్క్ అగ్రిమెంట్లలో ఒక పరిమితి దాటిన క్లెయిములు సివిల్ కోర్టుకే వెళ్లాలని ఉంటుంది, ఆర్బిట్రేషనే ఉండదు. క్లాజ్ మళ్లీ చదవండి.

3. బాకీని రెండుగా విడగొట్టండి

ఒక తెల్ల కాగితం తీసుకుని ఎడమవైపు వాళ్లు ఒప్పుకున్న, సర్టిఫై చేసిన మొత్తాలు రాయండి. కుడివైపు మీరు అడుగుతున్న మిగతావన్నీ రాయండి: మనుషులు ఖాళీగా కూర్చున్న ఖర్చు, ధరల పెరుగుదల, పోయిన లాభం. సెక్షన్ 9లో బలం ఎడమవైపుకే. నష్టపరిహారం అన్నది ఆర్బిట్రేటర్ తేల్చేదాకా అప్పు కిందికి రాదు, దానికి ఇప్పుడే సెక్యూరిటీ ఇమ్మంటే ఇవ్వరు. మన ఉదాహరణలో 84 లక్షల బిల్లు, గడువు తీరిన 11 లక్షల రిటెన్షన్ ఎడమవైపు. ఐడిలింగ్ (మనుషులు ఖాళీగా కూర్చున్న ఖర్చు) పేరుతో ఇంకో 60 లక్షలు ఉన్నా దాన్ని ఆర్బిట్రేషన్ క్లెయిమ్‌లో అడగండి, ఈ పిటిషన్‌లో కలపకండి. కలిపితే మంచి బిల్లు కూడా అనుమానంగా కనిపిస్తుంది.

ఎడమవైపు మొత్తాలకు ఆధారాలు వెతికేటప్పుడు అందరూ మర్చిపోయేది 26ఏఎస్. మీ ఫైనల్ బిల్లు మీద వాళ్లు టీడీఎస్ కోసి మీ పాన్‌లో జమ చేసి ఉంటే, ఆ బిల్లును తమ పుస్తకాల్లో ఎక్కించుకున్నట్టే. తేదీ, మొత్తం, వాళ్ల టాన్ (టీడీఎస్ కోసేవాళ్ల నంబరు) అన్నీ అందులో ఉంటాయి. ఆ పేజీ ప్రింటు తీసి, ఆ లైను కింద గీత గీసి, మీ ఇన్వాయిస్ పక్కనే డాక్యుమెంటుగా పెట్టండి. అలాగే మీ ఇన్వాయిస్ మీద జీఎస్టీ ఇన్‌పుట్ క్రెడిట్ తీసుకున్నారా, 180 రోజుల్లో డబ్బు కట్టకపోతే ఆ క్రెడిట్ రివర్స్ చేయాలి కదా, చేశారా అని అఫిడవిట్‌లోనే సూటిగా అడగండి. “పని నాణ్యత బాగోలేదు, బిల్లే ఒప్పుకోలేదు” అని కౌంటర్ వేసే కంపెనీకి ఈ ప్రశ్నకు జవాబు చెప్పడం కష్టం.

ఈమెయిల్, వాట్సాప్, కంప్యూటర్ లెడ్జర్ ప్రింట్లకు భారతీయ సాక్ష్య అధినియమ్ సెక్షన్ 63 సర్టిఫికెట్ జత చేయండి. 2024 జులై 1 నుంచి పాత సాక్ష్య చట్టంలోని 65బీ స్థానంలో ఇదే. హ్యాష్ వాల్యూ (ఫైలు మారలేదని చూపే డిజిటల్ కోడ్) రాయాలి, పార్ట్ ఏ మీరు, పార్ట్ బీ నిపుణుడు నింపాలి. పాత ఫార్మాట్ కాపీ పేస్ట్ చేయకండి.

4. ఆస్తి జారిపోతోందని చూపించండి

గైడ్ మొత్తంలో ఎక్కువ టైం పెట్టాల్సిన మెట్టు ఇదే. ఎందుకో చెప్పడానికి కాస్త తీర్పుల గొడవ తప్పదు. 2022 సెప్టెంబరులో సుప్రీంకోర్టు నుంచి పక్షం రోజుల తేడాతో రెండు తీర్పులొచ్చాయి. ఎస్సార్ హౌస్ కేసులో, సెక్షన్ 9 కింద రిలీఫ్‌కు సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 38 రూల్ 5 (తీర్పుకు ముందే ఆస్తి జప్తు చేసే నియమం) లోని ప్రతి షరతూ అక్షరాలా నిరూపించక్కర్లేదు, ఆస్తులు తరిగిపోయే బలమైన అవకాశం ఉంటే చాలన్నారు. నెలాఖరున సంఘీ ఇండస్ట్రీస్ కేసులో, డబ్బు క్లెయిమ్‌కు సెక్యూరిటీ కావాలంటే ఆ రూల్ షరతులు తీరాల్సిందేనన్నారు. మీ లాయర్ మొదటిది చదువుతారు, అవతలి లాయర్ రెండోది చదువుతారు. కాబట్టి రెండో దానికి కూడా నిలబడేలా పిటిషన్ రాయించండి. సెక్యూరిటీ లేని అప్పును సెక్యూరిటీ ఉన్న అప్పుగా మార్చుకోవడానికి ఈ రూల్ లేదని 2008లోనే రామన్ టెక్ కేసులో సుప్రీంకోర్టు హెచ్చరించింది. ఆ వాక్యం మీ కేసులో వినబడటం ఖాయం.

ఆధారాలు ఎక్కడ దొరుకుతాయి? ఎవరినీ వెంబడించక్కర్లేదు, చాలావరకు కుర్చీలో కూర్చునే తీయొచ్చు.

- ఎంసీఏ (కంపెనీ వ్యవహారాల శాఖ) పోర్టల్: ఛార్జీల, అంటే తాకట్ల, జాబితా చూడండి. మీ బిల్లు పెట్టాక కొత్తగా ఏ బ్యాంకుకు, ఎంతకు తాకట్టు పెట్టారు? బ్యాలెన్స్ షీట్లు ఫైల్ చేయడం ఆపేశారా? డైరెక్టర్లు వరసగా రాజీనామా చేశారా? అదే డైరెక్టర్లతో కొత్త కంపెనీ పుట్టిందా?
- ఈసీ: కంపెనీ పేరున ఉన్న స్థలం, ఫ్లాట్ల సర్వే నంబర్లు తెలిస్తే ఎన్‌కంబ్రెన్స్ సర్టిఫికెట్ తీయండి. బిల్డరైతే రెరా వెబ్‌సైట్‌లో ప్రాజెక్టు పేజీ చూడండి, అమ్ముడుపోని యూనిట్లు ఎన్నో తెలుస్తుంది.
- ఈ-కోర్ట్స్, ఎన్‌సీఎల్‌టీ: ఆ కంపెనీ పేరుతో వెతకండి. మీలాంటివాళ్లు ఇంకెంతమంది కేసులు వేశారో, చెక్ బౌన్స్ కేసులెన్నో బయటపడతాయి.
- జీఎస్టీ పోర్టల్: జీఎస్టీఐఎన్ కొడితే రిటర్నులు ఎప్పటిదాకా వేశారో, రిజిస్ట్రేషన్ రద్దయిందో కనిపిస్తుంది.
- సైటు: మెషీన్లు తరలిస్తుంటే తేదీ, లొకేషన్ పడేలా ఫొటోలు తీయండి. గేటు బయట రోడ్డు మీద నిలబడి తీయండి, లోపలికి దూకితే మీ మీదే కేసు.

వీటిని ఒక తేదీల పట్టికగా పేర్చండి. ఒకవైపు మీ రిమైండర్లు, ఇంకోవైపు వాళ్లు చేసిన పనులు. “మార్చి 3: చివరి రిమైండర్. మార్చి 19: రెండు ఫ్లాట్లు డైరెక్టర్ బంధువు పేరున రిజిస్ట్రేషన్” అని పక్కపక్కన కనిపిస్తే వాదన సగం అయిపోయినట్టే.

ఒక హెచ్చరిక. “వాళ్లు ఆస్తులు అమ్మేస్తున్నారని నమ్మకంగా తెలిసింది” అనే వాక్యం ఒక్కటి రాసి వదిలేస్తే పిటిషన్ ఆరోజే ఓడిపోయినట్టు లెక్క. ఎవరు చెప్పారు, ఏ ఆస్తి, ఎప్పుడు? ఇవి లేకపోతే ఆ వాక్యమే రాయకండి. కంపెనీకి నష్టాలొచ్చాయన్నది కూడా సొంతంగా చాలదు. నష్టాల్లో ఉండటం వేరు, ఎగ్గొట్టడానికి సర్దుకోవడం వేరు.

5. ఏం అడగాలో తూచి అడగండి

“ఖాతాలన్నీ ఫ్రీజ్ చేయండి” అనేది అడగడానికి బాగుంటుంది గానీ ఇవ్వడానికి కోర్టు జంకుతుంది. జీతాలు, బ్యాంకు వాయిదాలు ఆగిపోతాయని అవతలి లాయర్ చేతులు జోడిస్తాడు. మెట్లు మెట్లుగా అడగండి. లాయర్‌కు ఈ వరసలో చెప్పండి:

- మొదటి కోరిక: 95 లక్షలకు బ్యాంక్ గ్యారంటీ లేదా ఎఫ్‌డీ రూపంలో నాలుగు వారాల్లో కోర్టులో సెక్యూరిటీ ఇవ్వాలి.
- అది ఇచ్చేదాకా: ఫలానా సర్వే నంబరులోని ఫలానా ఫ్లాట్లు అమ్మకూడదు, తాకట్టు పెట్టకూడదు, మూడో వ్యక్తికి హక్కులు ఇవ్వకూడదు.
- దానితోపాటు: ఫలానా బ్రాంచి ఖాతాలో 95 లక్షల మేరకు నిల్వ తగ్గకుండా చూడాలి.
- వాళ్లకు ఇంకో కంపెనీ నుంచి రావాల్సిన డబ్బు ఉంటే: ఆ మేరకు కోర్టులో డిపాజిట్ చేయించాలి. ఆ మూడో కంపెనీని కూడా పార్టీగా చేర్చండి.
- అన్నిటికంటే తేలిగ్గా వచ్చేది: కంపెనీ ఆస్తులు, ఖాతాలు, తాకట్లు, రావాల్సిన బాకీల వివరాలతో అఫిడవిట్ వేయాలి.

ఆ ఆఖరిదాన్ని చిన్నచూపు చూడకండి. అఫిడవిట్‌లో అబద్ధం రాస్తే ఏమవుతుందో వాళ్ల లాయరే వాళ్లకు చెప్తాడు. సెటిల్‌మెంట్ ఫోన్లు చాలాసార్లు ఇక్కడే మొదలవుతాయి.

ఖాతా నంబరు ఎలా తెలుస్తుంది? మీ స్టేట్‌మెంట్‌లోనే ఉంది. గతంలో మీకు డబ్బు పంపిన ఎన్‌ఈఎఫ్‌టీ, ఆర్‌టీజీఎస్ ఎంట్రీల్లో బ్యాంకు పేరు, చాలాసార్లు ఐఎఫ్‌ఎస్‌సీ కూడా పడుతుంది. పాత చెక్కుల జిరాక్సులుంటే ఇంకా మంచిది.

ఇంకో సంగతి. మీరు అటాచ్ (జప్తు) చేయమంటున్న ఆస్తి అప్పటికే బ్యాంకులో పూర్తిగా తాకట్టులో ఉంటే ఆర్డర్ వచ్చినా గోడకు పటంలా ఉంటుంది. ముందు నుంచీ ఉన్న హక్కులను అటాచ్‌మెంట్ తాకదు. ఈసీలోనూ, ఎంసీఏ ఛార్జీల్లోనూ లేని ఆస్తిని వెతికి ఎంచుకోండి.

సమస్య బిల్లు కాదు, మీరిచ్చిన బ్యాంక్ గ్యారంటీని వాళ్లు ఎన్‌క్యాష్ చేయబోతున్నారు అంటారా? అది వేరే యుద్ధం. షరతుల్లేని గ్యారంటీని ఆపడానికి రెండే కారణాలు పనికొస్తాయి: గ్యారంటీ పునాదినే దెబ్బతీసే ఘోరమైన మోసం, లేదా తర్వాత ఎప్పటికీ పూడ్చుకోలేని అన్యాయం. “పని పూర్తి చేశాం, బాకీ వాళ్లదే” అన్నది ఆ రెండింటిలోకీ రాదు. ముందు గ్యారంటీ పత్రం చదవండి. ఇన్వోకేషన్ లెటర్ (గ్యారంటీ డబ్బు కట్టమని బ్యాంకుకు రాసే ఉత్తరం) ఆ పత్రంలో చెప్పిన మాటల్లో, చెప్పిన వ్యక్తి సంతకంతో, గడువులోపే వచ్చిందా చూడండి. అక్కడ తేడా ఉంటే వాదనకు చోటుంది.

6. సెక్షన్ 21 నోటీసు పంపండి, ఆలస్యం చేయకండి

సెక్షన్ 9 పిటిషన్‌కు నోటీసు ముందే వెళ్లి ఉండాలన్న నియమం లేదు. ఆర్బిట్రేషన్‌కు వెళ్లే ఉద్దేశం నిజంగా ఉందని కనిపిస్తే చాలని 1999లోనే సుందరం ఫైనాన్స్ కేసు చెప్పింది. కానీ కోర్టు ఆర్డర్ ఇచ్చిన తేదీ నుంచి 90 రోజుల్లో ఆర్బిట్రేషన్ మొదలవ్వాలి. మొదలవడం అంటే ఆర్బిట్రేటర్ కుర్చీలో కూర్చోవడం కాదు, వివాదాన్ని ఆర్బిట్రేషన్‌కు పంపుతున్నామన్న మీ నోటీసు అవతలివాళ్లకు అందడం.

నోటీసులో క్లాజ్ నంబరు, వివాదం ఏమిటి, ఎంత మొత్తం, మీరు సూచించే ఆర్బిట్రేటర్ పేరు, 30 రోజుల్లో ఒప్పుకోకపోతే సెక్షన్ 11 కింద హైకోర్టుకు వెళ్తామన్న మాట ఉండాలి. మామూలు లీగల్ నోటీసు పంపి “15 రోజుల్లో కట్టకపోతే చట్టప్రకారం చర్యలు” అని ముగించేస్తే అది సెక్షన్ 21 నోటీసు కాదు. అక్నాలెడ్జ్‌మెంట్‌తో స్పీడ్ పోస్టులో రిజిస్టర్డ్ ఆఫీసుకు, కాంట్రాక్టులోని చిరునామాకు, ఈమెయిల్‌కు, మూడింటికీ పంపండి. ట్రాకింగ్ పేజీలో “డెలివర్డ్” కనిపించిన రోజే ప్రింట్ తీసుకోండి.

ఇక్కడే మెడకు చుట్టుకునే పొరపాటు ఒకటుంది. సెక్షన్ 9 పిటిషన్ వేసినంత మాత్రాన మూడేళ్ల లిమిటేషన్ (క్లెయిమ్ వేయడానికి చట్టం ఇచ్చిన గడువు) ఆగదు. ఆపేది సెక్షన్ 21 నోటీసే. ఇంటరిమ్ ఆర్డర్ చేతిలో పెట్టుకుని ధీమాగా కూర్చుంటే అసలు క్లెయిమే కాలదోషం పట్టిపోవచ్చు.

7. ఫైలింగ్

వివాదం విలువ 3 లక్షలు, ఆపైన ఉన్న వాణిజ్య వివాదమైతే కమర్షియల్ కోర్టుకు వెళ్లాలి. హైదరాబాద్ సిటీ సివిల్ కోర్టులో, రంగారెడ్డి జిల్లా ఎల్బీనగర్‌లో, విజయవాడ, విశాఖపట్నాల్లో ఇవి ఉన్నాయి. మీ జిల్లాకు ఏది వర్తిస్తుందో చూసుకోండి. ఒక పార్టీ విదేశీ అయి అంతర్జాతీయ ఆర్బిట్రేషన్ అయితే నేరుగా హైకోర్టు. సీటు సింగపూర్‌లో ఉన్నా సరే, ఆస్తులు ఇక్కడుంటే, కాంట్రాక్టులో వద్దని రాసుకోకపోతే సెక్షన్ 9 దొరుకుతుంది. అమెరికా, గల్ఫ్ క్లయింట్లతో పనిచేసే మన ఐటీ వాళ్లు దీన్ని గుర్తుంచుకోవాలి.

పేపర్లు ఇవ్వగానే ఎస్‌ఆర్ నంబరు (కేసు నంబరుకు ముందు వేసే తాత్కాలిక నంబరు) పడుతుంది, స్క్రూటినీలో లోపాలుంటే రిటర్న్ చేస్తారు. అర్జెంటు అంటూ వెళ్లి రిటర్న్‌లో వారం పోగొట్టుకోవడం రోజూ జరిగే తంతు. పేజీ నంబర్లు, ఇండెక్స్, చదవలేని జిరాక్సులకు టైప్ చేసిన కాపీ, స్టేట్‌మెంట్ ఆఫ్ ట్రూత్ (రాసింది నిజమేనన్న ప్రమాణ పత్రం), సెక్షన్ 63 సర్టిఫికెట్, బోర్డు తీర్మానం, వకాలత్, ప్రతివాదుల సరైన చిరునామాలు ముందురోజు సాయంత్రమే లాయర్ గుమాస్తాతో కూర్చుని సరిచూసుకోండి.

పిటిషన్‌లో మీకు వ్యతిరేకంగా ఉన్న ఉత్తరాలు కూడా పెట్టండి. వాళ్లు డిఫెక్ట్ లిస్టు పంపి ఉంటే మీరే ముందు చూపించి, ఎందుకు తప్పో చెప్పండి. దాచిపెట్టి ఎక్స్‌పార్టీ (అవతలివాళ్లను వినకుండా ఇచ్చే) ఆర్డర్ తెచ్చుకుంటే, ఆ ఒక్క ఉత్తరం చూపించి వాళ్లు ఆర్డర్ ఎత్తేయిస్తారు. తర్వాత మీరెంత నిజం చెప్పినా వినే చెవి మారిపోతుంది.

8. మొదటి వాయిదా

మూడు రకాల ఫలితాలు ఉంటాయి. నోటీసు మాత్రమే ఇవ్వొచ్చు. నోటీసుతోపాటు వచ్చే వాయిదా దాకా అమ్మకాలు ఆపొచ్చు. లేదా సెక్యూరిటీ ఎందుకు ఇవ్వకూడదో చెప్పమని షోకాజ్ ఇచ్చి, షరతుతో అటాచ్ చేయొచ్చు. అవతలివాళ్లు ముందే కేవియట్ (తమను వినకుండా ఆర్డర్ ఇవ్వొద్దన్న దరఖాస్తు) వేసి ఉంటే వాళ్లను వినకుండా ఆర్డర్ రాదు. ఫైల్ చేసేముందే కేవియట్ ఉందో లేదో చూడమనండి.

నోటీసు మాత్రమే వచ్చిందని నీరుగారిపోకండి. ప్రైవేట్ నోటీసుకు, అంటే మీ లాయరే నేరుగా సర్వ్ చేయడానికి, అనుమతి అడగండి. దగ్గరి తేదీ అడగండి. ఎక్స్‌పార్టీ ఇంజంక్షన్ వస్తే పిటిషన్, డాక్యుమెంట్ల కాపీలు వెంటనే అవతలివాళ్లకు పంపి, ఆరోజో మర్నాడో ఆ మేరకు అఫిడవిట్ వేయాలి. ఇది చేయక మంచి ఆర్డర్ పోగొట్టుకున్నవాళ్లు తక్కువేం లేరు.

9. ఆర్డర్ వచ్చిందా? పనిచేస్తోందో లేదో చూడండి

ఆర్డర్ కాపీలో ముందు ఒక్క మాట వెతకండి: “తదుపరి ఉత్తర్వుల వరకు” ఉందా, “వచ్చే వాయిదా వరకు” ఉందా? రెండోదైతే ప్రతి వాయిదాలో పొడిగింపు అడిగి రాయించుకోవాలి. జడ్జి సెలవులో ఉండి వాయిదా పడినరోజు కూడా ఇది మర్చిపోకూడదు. ఆ ఒక్కరోజు ఖాళీలో ఖాతా ఊడ్చేసినా అది ఆర్డర్ ఉల్లంఘన కాదని వాదిస్తారు.

తర్వాత వరసగా:

- సర్టిఫైడ్ కాపీకి అదేరోజు అప్లికేషన్ పెట్టండి.
- బ్యాంకు బ్రాంచి మేనేజరుకు, సబ్ రిజిస్ట్రారుకు కాపీ ఇచ్చి అందినట్టు ముద్ర వేయించుకోండి. బ్యాంకుకిచ్చే లెటర్‌లో ఖాతా నంబరు, పాన్ రాయండి. పేరు మాత్రమే రాస్తే “దొరకలేదు” అని జవాబొస్తుంది.
- పది రోజులాగి కొత్తగా ఈసీ తీయండి. మీ ఆర్డర్ ఎంట్రీ కనిపించకపోతే మళ్లీ వెళ్లండి.
- ఆస్తుల అఫిడవిట్ గడువు తేదీని, 90వ రోజును ఫోన్లో అలారంగా పెట్టుకోండి.
- ఉల్లంఘన జరిగితే ఆధారంతో ఆర్డర్ 39 రూల్ 2ఏ కింద పిటిషన్ వేయొచ్చు. మాట వినలేదన్న కోపం ఒక్కటే ఆధారం కాదు.

90 రోజులు దాటిపోతే ఆర్డర్ ఎత్తేయమని అవతలివాళ్లు పిటిషన్ వేస్తారు. ఆలస్యం తప్పదనిపిస్తే గడువు లోపలే పొడిగింపు అడగండి, ఆ అధికారం కోర్టుకు ఉంది.

పిటిషన్ కొట్టేస్తే

ఆర్డర్ ఇచ్చినా, నిరాకరించినా సెక్షన్ 37 కింద అప్పీలు ఉంది. కమర్షియల్ వివాదాల్లో గడువు 60 రోజులు. స్వల్ప ఆలస్యాన్ని గట్టి కారణముంటే మన్నించొచ్చు గానీ దాని మీద ఆధారపడకండి. అప్పీలు వేసేముందు ఎందుకు కొట్టేశారో చదవండి. “ఆస్తి తరలింపునకు ఆధారం లేదు” అన్నారా? అయితే అదే సామగ్రితో పైకి వెళ్లడం కంటే, ఆర్బిట్రేటర్‌ను త్వరగా నియమింపజేసుకుని, కొత్తగా ఏదైనా బయటపడగానే సెక్షన్ 17 కింద అడగడం చాలాసార్లు తెలివైన పని. క్లాజ్‌లో ఏదైనా సంస్థ పేరుంటే, ఉదాహరణకు సింగపూర్ ఆర్బిట్రేషన్ కేంద్రమైన ఎస్‌ఐఏసీ, దాని రూల్స్‌లో ఎమర్జెన్సీ ఆర్బిట్రేటర్ (ట్రిబ్యునల్ ఏర్పడకముందే అర్జెంటు ఆర్డర్ ఇచ్చే వ్యక్తి) ఉన్నారేమో చూడండి. మన దేశంలో సీటు ఉన్నప్పుడు ఆ ఆర్డర్ కూడా అమలవుతుందని 2021లో అమెజాన్, ఫ్యూచర్ రిటైల్ కేసులో తేలింది.

అవార్డు చేతికొచ్చాక మళ్లీ సెక్షన్ 9 గుర్తుంచుకోండి. వాళ్లు సెక్షన్ 34 కింద సవాలు చేస్తామని మూడు నెలలు కాలక్షేపం చేసే సమయంలో ఆస్తులు కదలకుండా ఆపడానికి ఇది పనికొస్తుంది. అప్పటికి బాకీ ఉందో లేదో అన్న వాదన తగ్గిపోతుంది కాబట్టి, ఆస్తుల చిట్టా అప్‌డేట్ చేసి ఉంచుకుంటే వారంలో పిటిషన్ తయారవుతుంది.